మైనస్ భిన్నాల కూడిక: ముందు గుంటలు, తర్వాత గుర్తు

ఏడో తరగతి లెక్కల నోటు పుస్తకం ఏది తెరిచినా −3/8 + (−2/5) లాంటి లెక్క ఒకటి కనిపిస్తుంది. రెండూ చిన్న భిన్నాలే. కింది అంకెలు వేరు, రెండింటి ముందూ మైనస్ ఉంది. దీనికి పిల్లలు రాసే తప్పు జవాబులు మరీ ఎక్కువ రకాలుగా ఉండవు. తిప్పి తిప్పి నాలుగే వస్తాయి: −5/13, −5/40, 31/40, −1/40. సరైన జవాబు −31/40.

ఈ నాలుగు తప్పులనూ పక్కపక్కన పెట్టి చూస్తే ఒక విషయం బయటపడుతుంది. మొదటి రెండూ హారం దగ్గర జరిగినవి. తర్వాతి రెండూ గుర్తు దగ్గర జరిగినవి. హారం దగ్గర తప్పిన పిల్లలు మైనస్‌ను సరిగ్గానే పట్టుకున్నారు. గుర్తు దగ్గర తప్పినవాళ్లు 40ని, 15ని, 16ని సరిగ్గానే కనిపెట్టారు. అంటే ఎవరికీ లెక్క మొత్తం రాకపోవడం లేదు, సగం వచ్చి సగం పోతోంది. కానీ ఎర్ర పెన్నుతో పెట్టే ఇంటూ గుర్తు నలుగురికీ ఒకటే. ఏ సగం పోయిందో అది చెప్పదు.

ఈ లెక్కలో ఉన్నవి రెండు వేర్వేరు ప్రశ్నలు. ముక్కల పరిమాణం ఒకటేనా అన్నది మొదటిది. ఆ ముక్కలు ఒకే వైపువా, ఎదురెదురు వైపులవా అన్నది రెండోది. హారాలను సమానం చేసేటప్పుడు గుర్తుతో పని లేదు. గుర్తు తేల్చేటప్పుడు హారంతో పని లేదు. ఒకదాని తర్వాత ఒకటి చేస్తే రెండూ తేలికే. రెండింటినీ ఒకే గీత మీద, ఒకే ఊపులో చేయబోయినప్పుడే టెన్షన్ మొదలవుతుంది.

ఎకరంలోనే ఉన్న హారం

నల్లగొండ, మహబూబ్‌నగర్ వైపు పిల్లలకు ఈ మొదటి ప్రశ్నను బోధించడానికి కొత్తగా ఏదీ కల్పించాల్సిన పని లేదు. ఎకరానికి 40 గుంటలని ఇంట్లో వినే ఉంటారు. గుంటకు 121 చదరపు గజాలని, ఎకరం 4840 చదరపు గజాలని ప్లాట్లు కొనేవాళ్లు, అమ్మేవాళ్లు నోటికి చెబుతారు. కృష్ణ దాటి ఆంధ్ర జిల్లాలకు వెళ్తే అదే ఎకరాన్ని 100 సెంట్లు అంటారు. ఇక్కడ మాత్రం మాట్లాడేది గుంటల్లోనే.

ఒక రైతుకు రెండు సర్వే నంబర్లలో భూమి ఉందనుకుందాం. కొలిపిస్తే ఒక నంబరులో కాగితం మీద ఉన్నదానికంటే 3/8 ఎకరం తక్కువ వచ్చింది. ఇంకో నంబరులో 2/5 ఎకరం తక్కువ వచ్చింది. మొత్తం ఎంత తక్కువ? ఊళ్లో ఎవరూ దీన్ని ఎనిమిదో వంతుల్లో, అయిదో వంతుల్లో చెప్పుకోరు. "అక్కడ పదిహేను గుంటలు, ఇక్కడ పదహారు గుంటలు, మొత్తం ముప్పై ఒక్క గుంటలు తక్కువొచ్చింది" అంటారు. అంతే, లెక్క అయిపోయింది. 31 గుంటలంటే ఎకరంలో 31/40. తక్కువ వచ్చింది కాబట్టి −31/40.

బడిలో క.సా.గు. కనుక్కుని, హారాలను సమానం చేసి, లవాలను కూడమని చెప్పేదంతా సరిగ్గా ఈ పనే. 8, 5ల కనిష్ఠ సామాన్య గుణిజం 40. అది గుంటల సంఖ్యతో కలవడం ఈ లెక్కకు కుదిరిన సౌకర్యం. 3/8ని 15/40గా రాయడమంటే 3/8 ఎకరాన్ని 15 గుంటలని చెప్పడమే. భూమి మారలేదు, కొలిచే ముక్క మారింది. ఎనిమిదో వంతు అంటే 5 గుంటల ముక్క, అయిదో వంతు అంటే 8 గుంటల ముక్క. పరిమాణాలు వేరైన ఆ ముక్కల్లో మూడింటిని, రెండింటిని కలిపి "అయిదు ముక్కలు" అంటే అవి ఏ ముక్కలో ఎవరికీ తెలియదు. −5/13లో జరిగింది అదే. పైన 3, 2 కలిపి 5 చేశారు. కింద 8, 5 కలిపి 13 చేశారు. ఈ లెక్కలో పదమూడో వంతు ముక్క ఎక్కడా లేదు, కూడికలో హఠాత్తుగా పుట్టుకొచ్చింది.

−5/13 తప్పని "అలా చేయకూడదు" అన్న నియమంతో చెప్పడం కంటే దాన్ని గుంటల్లోకి మార్చి చూపించడం మేలు. 40ని 5తో గుణించి 13తో భాగిస్తే 15 గుంటల పైన కొంచెం వస్తుంది, 16 కూడా రాదు. ఒకచోట 15 గుంటలు పోయాయి, ఇంకోచోట 16 గుంటలు పోయాయి. రెండూ కలిపితే పోయింది 16 గుంటల లోపేనట! ఇది కుదరదని చెప్పడానికి ఏ సూత్రమూ అక్కర్లేదు. ఇదేదో ఈ అంకెలకే పరిమితమైన విశేషం కూడా కాదు. విలువలు వేరైన ఏ రెండు భిన్నాలనైనా, హారాలు ధనాత్మకంగా ఉంచి, పైన పైన, కింద కింద కలిపితే వచ్చే భిన్నం ఎప్పుడూ ఆ రెండింటి మధ్యలోనే ఎక్కడో పడుతుంది. ఒకే గుర్తు ఉన్న రెండింటిని కూడితే జవాబు రెండింటినీ దాటి ముందుకు పోవాలి, మధ్యలో ఆగకూడదు. ఈ ఒక్క పరీక్షతో పిల్లలు తమ తప్పును తామే పట్టుకోగలరు.

−5/40 రాసినవాళ్లు ఇంకాస్త ముందుకు వచ్చినవాళ్లే. ఉమ్మడి హారం 40 అని కనుక్కున్నారు. కానీ పైన ఉన్న 3ని 15గా, 2ని 16గా మార్చకుండానే కలిపేశారు. గుంటల్లో చెబితే, 3 ఎనిమిదో వంతులను 3 గుంటలు అన్నట్టు. 12 గుంటలు ఆ గీత దగ్గరే మాయమయ్యాయి. ఈ తప్పు ఇంతగా కనిపించడానికి చెప్పే పద్ధతి కూడా ఒక కారణం. "ముందు కింద క.సా.గు. రాయి" అని పొడవాటి గీత గీయించి, దాని కింద 40 వేయించి, పైన ఖాళీ పెట్టిస్తారు. కింద రాసిన 40కి, పైన రాయాల్సిన 15కి సంబంధం ఏమిటో ఆ గీతలో కనిపించదు. దానికి బదులు 3/8 = 15/40, 2/5 = 16/40 అని విడివిడిగా రెండు వరుసలు రాయిస్తే, చోటు కాస్త ఎక్కువ పట్టినా, ఏది దేనిగా మారిందో కళ్ల ముందు ఉంటుంది. మొదటి కొన్ని వారాలైనా అడ్డదారి లేకుండా ఇలాగే రాయించాలి.

మైనస్ మైనస్ ప్లస్

ఇక గుర్తు. నాలుగు తప్పుల్లోకీ మొండిది 31/40. పదిలో, ఇంటర్‌లో, ఆఖరికి పోటీ పరీక్షల కోచింగ్‌లో కూడా అది వెంట వస్తూనే ఉంటుంది. దాని మూలం తరగతి గదిలో పాటలా చెప్పించే ఒక్క వాక్యం: మైనస్ మైనస్ ప్లస్. ఆ వాక్యంలో అబద్ధం లేదు. కానీ అందులో ఒక మాట తగ్గింది. మైనస్‌ను మైనస్‌తో గుణిస్తే ప్లస్. భాగించినా ప్లస్. కూడితే? కూడితే కానే కాదు. ఆ వాక్యం ఏ పనికి సంబంధించిందో చెప్పకుండా వదిలేయడంతో పిల్లలు రెండు మైనస్‌లు కనిపించిన ప్రతిచోటా దాన్ని వాడేస్తారు. −15/40, −16/40 అని చక్కగా రాసుకుని, రెండు మైనస్‌లు ఉన్నాయి కాబట్టి 31/40 అని తేల్చేస్తారు. అంటే 15 గుంటలు పోయి, ఇంకో 16 గుంటలు పోయి, చివరికి 31 గుంటలు కలిసొచ్చాయన్నమాట. ఆ పాటలో "గుణిస్తే" అన్న మాట చేర్చకుండా ఏ తరగతిలోనూ చెప్పించకూడదు.

−1/40 దీనికి పూర్తిగా ఎదురు రకం. మైనస్ అంటే తీసివేత అని చిన్న తరగతుల నుంచి అలవాటు. కాబట్టి మైనస్ కనపడగానే 15, 16లలో ఒకదాన్నుంచి ఇంకోదాన్ని తీసేస్తారు. ఇక్కడ గుర్తు చేయాల్సింది ఒక్కటే. సంఖ్యకు అంటుకుని ఉన్న మైనస్ అది ఎటువైపుదో చెబుతుంది. రెండు సంఖ్యల మధ్య ఉన్న గుర్తు వాటిని ఏం చేయాలో చెబుతుంది. (−15) + (−16)లో చేయాల్సిన పని కూడిక. కూడాల్సినవి రెండూ తక్కువలే.

ఈ నియమం కొత్తదేమీ కాదు. బ్రహ్మగుప్తుడు 628లో రాసిన బ్రహ్మస్ఫుట సిద్ధాంతంలో ఇది స్పష్టంగా ఉంది. రెండు ధనాలు కలిస్తే ధనం, రెండు రుణాలు కలిస్తే రుణం, ధనమూ రుణమూ కలిస్తే వాటి తేడా, రెండూ సమానమైతే సున్నా. ధనమంటే ఉన్న ఆస్తి, రుణమంటే అప్పు. బడి పుస్తకంలో ధన సంఖ్యలు, ఋణ సంఖ్యలు అని ఇప్పటికీ చదివేది ఆ మాటలనే. ఇద్దరి దగ్గర అప్పు చేసినవాడికి రెండప్పులూ కలిసి పెద్దప్పు అవుతాయి తప్ప ఆస్తి కావు. ఇది తెలియని ఇల్లు పాలమూరులో ఉండదు. నోటు పుస్తకం తెరిచే సరికి మాత్రం ఆ తెలివి పక్కకు పోతుంది, ఎందుకంటే అక్కడ అప్పు లేదు, ఒట్టి గీత ఉంది.

గుర్తులు వేరైనప్పుడు లెక్క ఇంకా ఆసక్తిగా మారుతుంది. అవే అంకెలతో −3/8 + 2/5 తీసుకుందాం. ఒక నంబరులో 3/8 ఎకరం తక్కువ, ఇంకో నంబరులో 2/5 ఎకరం ఎక్కువ. మొత్తం మీద రైతుకు ఎక్కువ వచ్చిందా, తక్కువ వచ్చిందా? భిన్నాలను ఊరికే చూస్తూ ఈ ప్రశ్నకు జవాబు చెప్పడం పెద్దవాళ్లకూ కష్టమే. 3/8 పెద్దదా, 2/5 పెద్దదా అని చటుక్కున అడిగితే చాలామంది తడుముకుంటారు. 3 పెద్దది, 8 పెద్దది కాబట్టి 3/8 అనేవాళ్లూ ఉంటారు. గుంటల్లోకి మారిస్తే సందేహం ఉండదు: 15 తక్కువ, 16 ఎక్కువ. ఒక్క గుంట మిగిలింది. జవాబు +1/40. జవాబు ముందు ప్లస్ వస్తుందా, మైనస్ వస్తుందా అన్నది ఆ ఒక్క గుంట మీద ఆధారపడి ఉంది. అందుకే హారాలు సమానం చేయకముందే గుర్తు గురించి ఆలోచించడం దండగ. ఏది పెద్దదో తేలితేనే గుర్తు తేలుతుంది. ముక్కలు సమానమైతేనే ఏది పెద్దదో తేలుతుంది. వరుస ఎందుకు ముఖ్యమో ఈ లెక్క చూపించినంత బాగా ఇంకేదీ చూపించదు.

మైనస్ ఎక్కడ రాసి ఉన్నా ముందు దాన్ని లవానికి చేర్చుకోవాలి. −3/8, (−3)/8, 3/(−8) మూడూ ఒకటే. ప్రశ్నపత్రాల్లో 3/(−8) + 5/12 అని కావాలనే ఇస్తుంటారు. −8కి, 12కి క.సా.గు. ఏమిటని కంగారు పడకుండా, మైనస్‌ను పైకి పంపి (−3)/8 + 5/12 అని తిరగరాయాలి. 24 హారంగా −9/24 + 10/24, అంటే 1/24. లవంలోనూ హారంలోనూ మైనస్ ఉంటే రెండూ పోతాయి. అక్కడ జరిగేది భాగహారం కాబట్టి ఆ పాట ఇక్కడ చెల్లుతుంది.

గుంట పని చేయని చోట

గుంటలతో అన్ని భిన్నాలూ తెగవు. ఒక ఎకరాన్ని ముగ్గురు అన్నదమ్ములు పంచుకుంటే ఒక్కొక్కరికి 13 గుంటలు పోను ఇంకా గుంటలో మూడో వంతు వస్తుంది. దాన్ని గజాల్లో చెబుదామన్నా 121ని 3 భాగించదు, 40 గజాల మీద ఇంకో మూడో వంతు గజం మిగులుతుంది. 4840 గజాలను ప్రధాన కారణాంకాలుగా విడగొడితే 2, 2, 2, 5, 11, 11 వస్తాయి. అందులో 3 ఎక్కడా లేదు. కాబట్టి ఎకరాన్ని మూడు సమాన వాటాలు చేస్తే, గుంటల్లో చెప్పినా గజాల్లో చెప్పినా, చిల్లర మిగలక తప్పదు. నలుగురైతే తలా పది గుంటలు, అయిదుగురైతే తలా ఎనిమిది. ముగ్గురి దగ్గరే తెగదు.

ఈ లోపం గుంటది మాత్రమే అనుకోవద్దు, ప్రతి కొలతకూ ఇలాంటి హద్దు ఉంటుంది. 1957 ఏప్రిల్ 1కి ముందు రూపాయికి 16 అణాలు. అప్పట్లో పావు రూపాయి నాలుగణాలు, ఎనిమిదో వంతు రెండణాలు. 1/4 + 1/8 కూడమంటే పావలా, బేడ కలిపి ఆరణాలని నోటితోనే చెప్పేవాళ్లు, అంటే 6/16. కానీ రూపాయిలో అయిదో వంతును అణాల్లో చెప్పలేరు, ఎందుకంటే 16లో రెండ్లు తప్ప ఇంకేం లేవు. నూరు పైసలొచ్చాక అయిదో వంతు 20 పైసలుగా చక్కగా తెగింది, ఎనిమిదో వంతు పన్నెండున్నర పైసలై ఇరుక్కుంది. అడుగుకు 12 అంగుళాలు కాబట్టి అక్కడ మూడో వంతు నాలుగు అంగుళాలుగా తేలికగా వస్తుంది, అయిదో వంతు రాదు. 40, 16, 100, 12: వీటిలో ప్రతిదీ కొందరికి సరిపడేలా ముందే తయారు చేసిపెట్టిన ఉమ్మడి హారం. ఇచ్చిన లెక్కకు సరిపడే హారాన్ని అప్పటికప్పుడు తయారు చేసుకునే పద్ధతే క.సా.గు.

−1/3 + (−1/8) చూడండి. 3, 8 లకు సరిపడే హారం 24. అందులో −8/24, −3/24 కలిపి −11/24. ఎకరాన్ని 24 గుంటలుగా విడగొట్టిన దేశమేదో ఉన్నట్టు లెక్క చేశామంతే. ఇక్కడి గుంటల్లో చెప్పాలంటే 18 గుంటల మీద మూడో వంతు తక్కువ.

రెండు హారాలనూ గుణించేస్తే చాలదా, క.సా.గు. ఎందుకు అని పిల్లలు అడుగుతారు. మంచి ప్రశ్న. చాలుతుంది, జవాబు తప్పు రాదు. కోచింగ్ సెంటర్లలో అడ్డంగా గుణించే పద్ధతిని అందుకే నేర్పుతారు. కానీ −7/12 + 5/18ని అలా చేస్తే పైన −126 + 60, కింద 216 వస్తాయి. −66/216ని మళ్లీ కుదించుకుంటూ −11/36 దాకా రావాలి. క.సా.గు. 36 తీసుకుంటే −21/36 + 10/36, నేరుగా −11/36. పెద్ద అంకెల్లో తప్పు జరిగే అవకాశం ఎక్కువ, మైనస్ కూడా ఉంటే మరీ ఎక్కువ. 8, 5 లాగా రెండు హారాలకూ ఉమ్మడి కారణాంకం లేనప్పుడు మాత్రం గుణిస్తే వచ్చేదే క.సా.గు., వెతకాల్సిన పని లేదు.

భిన్నాల కూడికకు ఇలా చిన్న ఉమ్మడి హారాన్ని కనుక్కునే పద్ధతిని 9వ శతాబ్దంలో మహావీరాచార్యుడు గణితసారసంగ్రహంలో చెప్పాడు. ఆయన రాష్ట్రకూట చక్రవర్తి అమోఘవర్షుడి కాలం వాడు. ఆ చక్రవర్తి రాజధాని మాన్యఖేటం ఈనాటి మాల్ఖేడ్, పాలమూరుకు వాయవ్యాన, కర్ణాటకలోని కలబుర్గి జిల్లాలో ఉంది. ఆ గ్రంథాన్నే 11వ శతాబ్దంలో పావులూరి మల్లన తెలుగు పద్యాల్లోకి తెచ్చాడు. మహావీరుడి పద్ధతి ఇప్పటికీ తరగతి గదిలో వాడుకోదగ్గది. 12, 18లకు ఉమ్మడిగా ఉన్నది 6. దానితో భాగిస్తే 2, 3 మిగులుతాయి. ఆ 6ని, 2ని, 3ని గుణిస్తే 36. అంతేకాదు, 12ను 36 చేయడానికి 3తో, 18ని 36 చేయడానికి 2తో గుణించాలి కదా, ఆ అంకెలు కూడా అక్కడే దొరికాయి. ఒకరి దగ్గర మిగిలింది ఇంకొకరికి గుణకం. పొడవాటి నిచ్చెన భాగహారం కంటే ఇది పిల్లలకు త్వరగా పట్టుబడుతుంది.

ఒకే చుక్క, రెండు అర్థాలు

భిన్నాల గొడవ లేకుండా అంతా దశాంశాల్లో చేసేస్తే పోదా అనే మాటా వినిపిస్తుంది. −3/8 అంటే −0.375, −2/5 అంటే −0.4, మొత్తం −0.775. అదే −31/40. ఇక్కడ బాగానే కుదిరింది. మూడో వంతు వస్తే 0.333... అని ఎక్కడా ఆగదు. దానికి మించి, ఈ ప్రాంతంలో చుక్క విషయంలో ఒక ప్రత్యేకమైన చిక్కు ఉంది. భూమి కాగితాల్లో 2 ఎకరాల 15 గుంటలను 2-15 అని రాసినట్టే 2.15 అని కూడా రాస్తారు. ఆ చుక్క దశాంశ బిందువు కాదు. దాని తర్వాత ఉన్నవి గుంటలు. దశాంశం అనుకుని 0.15 ఎకరాన్ని లెక్కేస్తే 6 గుంటలే వస్తాయి. 9 గుంటలు, అంటే 1089 చదరపు గజాలు, ఒక్క చుక్కతో పోయినట్టే. 2.15కు 1.30 కలపమని ఫోన్ క్యాలిక్యులేటర్‌కు ఇస్తే 3.45 అంటుంది. 45 గుంటలు అన్నది ఉండదు, 40 దాటగానే ఎకరం అవుతుంది. సరైనది 4 ఎకరాల 5 గుంటలు. సెంట్లు వాడే ఆంధ్ర వైపు ఈ చిక్కు రాదు, వందలో వంతులు కాబట్టి చుక్క చుక్కలాగే పని చేస్తుంది.

అదే నల్లగొండ జిల్లాలో నాగార్జున సాగర్ నీటిమట్టాన్ని పత్రికలు 589.50 అడుగులు అని రాస్తాయి. ఈ చుక్క నిజమైన దశాంశ బిందువు. 0.50 అంటే అర అడుగు, ఆరు అంగుళాలు. యాభై అంగుళాలు అని ఎవరూ అనుకోరు. ఒకే ఇంట్లో ఒకే రోజు పాసుపుస్తకంలో ఒక చుక్కను, పేపర్లో ఇంకో చుక్కను చూసే పిల్లలకు తేడా చెప్పాల్సింది పెద్దవాళ్లే. చుక్క వెనుక ఉన్న హారం ఎంత అని అడగడం నేర్పితే రెండూ అర్థమవుతాయి. ఒకచోట 40, ఇంకోచోట 100.

మైనస్ రెండుంపావు అంటే ఎంత

సాగర్ నీటిమట్టం ఇంకో తప్పును విడమర్చడానికి కూడా పనికొస్తుంది. మిశ్రమ భిన్నం ముందు మైనస్ వస్తే దాన్ని ఎలా చదవాలన్నది చాలాచోట్ల సరిగ్గా చెప్పరు. సాగర్ పూర్తి నీటిమట్టం 590 అడుగులు. దాన్ని సున్నా అనుకుని, దానికి ఎంత తగ్గితే అంత మైనస్‌గా రాద్దాం. ఒకరోజు నీరు పూర్తి మట్టానికి రెండుంపావు అడుగుల కింద ఉందనుకుంటే అది −2 1/4. ఆ తర్వాత ఎడమ కాల్వకు, కుడి కాల్వకు నీరు వదిలి ఇంకో 1 2/3 అడుగులు తగ్గిందనుకుందాం. ఇప్పుడు కావాల్సింది −2 1/4 + (−1 2/3).

−2 1/4ను అపక్రమ భిన్నంగా మార్చమంటే −7/4 అని రాసే పిల్లలున్నారు. వాళ్లు చేసింది −2కు 1/4 కలపడం. మైనస్ ముందున్న 2కే అంటుకుందని, పావు దాని బతుకు అది బతుకుతోందని అనుకున్నారు. నిజానికి మైనస్ మొత్తానికి వర్తిస్తుంది. నీరు రెండడుగులు తగ్గింది, ఆపైన ఇంకో పావు అడుగు కూడా తగ్గింది. పావు వంతు పైకి లేవలేదు. కాబట్టి అది −(2 + 1/4), అంటే −9/4. ఇంటర్‌లో లాగరిథం పట్టికలు వాడేటప్పుడు 2 నెత్తి మీద గీత పెట్టి దశాంశ భాగాన్ని ధనంగా ఉంచే పద్ధతి ఒకటి వస్తుంది. అక్కడ మాత్రం మైనస్ పూర్ణాంకానికే. బహుశా అందుకే ఆ అధ్యాయంలో తడబడేవాళ్లు అంత ఎక్కువ. ఏడో తరగతిలో ఈ విషయాన్ని గట్టిగా పట్టుకున్నవాళ్లకు ఆ తేడా వెంటనే తెలుస్తుంది.

ఇక మిగతా లెక్క మామూలే. −9/4 + (−5/3). ఉమ్మడి హారం 12. −27/12 + (−20/12) = −47/12, అంటే −3 11/12. అంగుళాల్లో సరిచూసుకోవచ్చు. 2 అడుగుల 3 అంగుళాలు, 1 అడుగు 8 అంగుళాలు కలిపితే 3 అడుగుల 11 అంగుళాలు. నీటిమట్టం 586 అడుగుల ఒక అంగుళానికి దిగింది. పైనుంచి శ్రీశైలం నీరొచ్చి సాగర్ 2 1/2 అడుగులు పెరిగిందనుకుంటే −47/12 + 30/12 = −17/12. పూర్తి మట్టానికి ఇంకా 1 అడుగు 5 అంగుళాలు తక్కువ. పెరిగినా జవాబు ఇంకా మైనస్‌లోనే ఉంది. కూడితే పెరగాలి కదా, మైనస్ ఎందుకుందని అడిగే పిల్లలకు ఇదే జవాబు. −47/12 నుంచి −17/12కు రావడం పెరగడమే. మైనస్ సంఖ్యల్లో అంకె చిన్నదయ్యే కొద్దీ విలువ పెద్దదవుతుంది. అందుకే −3/8, −2/5లలో పెద్దది −3/8. పదిహేను గుంటలు పోగొట్టుకున్నవాడు పదహారు గుంటలు పోగొట్టుకున్నవాడి కంటే మెరుగు.

తీసివేతకు వేరే నియమం అక్కర్లేదు. −3/8 − (−2/5) అంటే రెండో తక్కువను రద్దు చేయమని. పదహారు గుంటలు తక్కువ రాశారు, అది పొరపాటని కొట్టేశారు, కాబట్టి పదహారు గుంటలు తిరిగి కలిశాయి. −15/40 + 16/40 = 1/40. ఇక్కడ రెండు మైనస్‌లు పక్కపక్కన వచ్చి ప్లస్ అయిన మాట నిజమే. అయితే ఒకటి తీసివేయమనే మైనస్, రెండోది సంఖ్యదైన మైనస్. −3/8 ముందున్న మైనస్‌కు ఈ మార్పుతో సంబంధం లేదు, అది అలాగే ఉంటుంది. దాన్ని కూడా ప్లస్ చేసి 15/40 + 16/40 అని రాసేవాళ్లకు ఏ రెండు మైనస్‌లు కలిశాయో చుట్టూ గీత గీసి చూపించాలి.

నాలుగైదు పదాలు వరుసగా వచ్చినప్పుడు ఎడమ నుంచి కుడికి ఒక్కొక్కటే చేసుకుంటూ పోతే గుర్తు నాలుగుసార్లు మారే ప్రమాదం ఉంది. −1/2 + 3/4 − 5/8 + 1/5 తీసుకుంటే, ముందు అన్నిటినీ నలభయ్యో వంతుల్లోకి మార్చాలి: −20, +30, −25, +8. ఎక్కువలన్నీ ఒక పక్క పెడితే 38. తక్కువలన్నీ ఇంకో పక్క పెడితే 45. తేడా 7, తక్కువల వైపు. జవాబు −7/40, ఏడు గుంటలు తక్కువ.